కారు మీద వడగళ్ల సొట్టలు ఇంట్లోనే తీయొచ్చా?

అందరికీ నమస్కారం. మాది టంగుటూరు దగ్గర పల్లె. మొన్నటి వడగళ్ల వానకి నాన్న కారు బానెట్, టాప్ మీద సొట్టలు పడ్డాయి. అన్నీ రూపాయి బిళ్ల కన్నా చిన్నవే, రంగు ఎక్కడా పగల్లేదు. ఒంగోలులో ఒక షెడ్డులో అడిగితే పుట్టీ పెట్టి రంగు వేస్తామంటున్నారు. కంపెనీ పెయింట్ బాగుండగా గీకించడానికి మనసొప్పడం లేదు. ఇన్సూరెన్స్ క్లెయిమ్ చేస్తే నో క్లెయిమ్ బోనస్ (క్లెయిమ్ చేయకపోతే ప్రీమియంలో ఇచ్చే తగ్గింపు) పోతుంది.

హెయిర్ డ్రయ్యర్‌తో వేడి చేసి ఐస్ పెడితే లేస్తాయంటారు గానీ, నాకు నమ్మకం లేదు. గ్లూ పుల్లర్ కిట్ (సొట్ట మీద జిగురుతో బిళ్ల అంటించి పైకి లాగే సామాను) నయమనిపిస్తోంది. ఎవరైనా వాడారా? ఎక్కువ లాగి రేకు పైకి ఉబ్బితే ఎలా సర్దాలి? జిగురు వదలడానికి ఐసోప్రొపైల్ ఆల్కహాల్ చాలా? బానెట్ అంచున, రెండు రేకులు కలిసే చోట పడినవాటికి దారేంటి? నెల్లూరు, ఒంగోలు వైపు పెయింట్ కదపకుండా సొట్టలు తీసేవాళ్లు ఉన్నా దయచేసి చెప్పండి.