సమస్య: తలలు మూడు గలవు దర్శకునకు

నిర్వాహకుడు: ఆటవెలది నాలుగో పాదం ఇచ్చాను. ఈ వారం వస్తువు గ్రీకు సినిమా: ‘జోర్బ’ చిత్రాన్ని రాసి, తీసి, నిర్మించిన మైకెల్ కాకోయానిస్.

పూరణ 1
కథను వ్రాయ నొకటి, కథ నడుపగ నొండు,
పైక మడుగ నొకటి పనికి వచ్చె;
జోర్బ తీసినట్టి శూరునిఁ జూడరే!
తలలు మూడు గలవు దర్శకునకు.

విమర్శ: నడక హాయిగా ఉంది, యతులు కుదిరాయి. అయితే ‘జోర్బ’ కథ కాకోయానిస్‌ది కాదు, నికోస్ కజాంజాకిస్ నవల. ఈయన రాసింది చిత్రానువాదం. మొదటి పాదాన్ని ‘పలుకు వ్రాయ నొకటి, పటము నడుప నొండు’ అని మార్చండి. ఎవరి సొత్తు వారికి చెందాలి.

ఒక సభ్యురాలు: ఆ సినిమా కూర్పు కూడా ఆయనదే కదా! నాలుగో తల లెక్కిస్తే చతుర్ముఖుడే అవుతాడు.

పూరణ 2
అత్రిసుతుఁడు మనకు, నచట నేథెన్సులో
వ్రాత, తీత, సొమ్ము వరుసఁ దాల్చు
మైకెలనెడి గ్రీకు మహితునిఁ గనుడయ్య!
తలలు మూడు గలవు దర్శకునకు.

విమర్శ: మూడు తలలనగానే దత్తాత్రేయుడు గుర్తుకు రావడం మన ఇంటి ఊహ, నాకు ఎంతో నచ్చింది. ‘మహితుని’ గణం కోసం వచ్చిన మాట. ‘మనిషినిఁ గనుడయ్య’ అంటే గణమూ చెడదు, యతీ చెడదు, అతిశయోక్తీ ఉండదు. ఆయన పుట్టింది సైప్రస్‌లోని లిమసోల్‌లో. ఏథెన్సు తర్వాత ఆయన స్థిరపడి పనిచేసిన నగరం కనుక పద్యానికి ఇబ్బంది లేదు. 1967లో సైనికులు అధికారం చేజిక్కించుకున్నాక ఆ నగరానికీ దూరమై ప్రవాసంలో గడిపాడు. ఆ దుఃఖం మీద ఎవరైనా మరో పూరణ రాస్తే బాగుంటుంది.

పూరణ 3
ఆస్కరందు మూట నందలే దొక్కటి,
తోటివారి కందెఁ దొడవు లచట;
వంగలేదు చూడు వానిలో నొకటైన!
తలలు మూడు గలవు దర్శకునకు.

విమర్శ: ఇది పూరణ! మొదటి రెండు పద్యాల్లో మూడు తలలంటే మూడు పనులే. ఇక్కడ వాటికి ఒక ఘటన దొరికింది. 1964 నాటి ‘జోర్బ’కు ఏడు ఆస్కర్ ప్రతిపాదనలు వచ్చాయి. వాటిలో నిర్మాతగా, దర్శకుడిగా, రచయితగా మూడు కాకోయానిస్‌వి. మూడూ చేజారాయి. సహాయనటి లీలా కెద్రోవాకు, ఛాయాగ్రాహకుడు వాల్టర్ లాసలీకి, కళాదర్శకుడు వాసిలిస్ ఫోటోపౌలోస్‌కు బహుమతులు అందాయి. సినిమా చివర కొండ మీది నుంచి దుంగలు దించే ఏర్పాటంతా కూలిపోయాక కథానాయకుడు జోర్బ క్రీటు దీవి తీరాన నాట్యం చేస్తాడు. మీ మూడో పాదం చదివితే నాకు ఆ దృశ్యమే కళ్ళ ముందు నిలిచింది. ఒక్క సందేహం. తొడవు అంటే నగ, ఆస్కర్ ప్రతిమ కదా? ‘ప్రతిమ లందె మూడు పరుల కచట’ అనవచ్చునేమో.

పూరణకర్త: అర్థం మీరన్నట్టే సరిపోతుంది, ధన్యవాదాలు. కానీ ఆ ముగ్గురూ ఆయనకు పరులు కారు, ఆయన సినిమాకే పనిచేసినవారు. ‘తోటివారి’ అన్న మాట వదులుకోలేను. తొడవునే ఉంచుతాను.