ఛాయాగ్రహణం: పట్టేది నీడనా, వెలుగునా?

నిన్న ఒకరు అడిగారు: "ఫొటో అంటే వెలుగు కదా! మరి మనవాళ్లు ఛాయాగ్రహణం అని నీడను పట్టుకున్నారేమిటి? కాంతిలేఖనం అంటే సరిపోయేది కదా?"

ఆ మాట సరిగ్గానే కుదిరిందని నా గట్టి నమ్మకం. ఛాయ అంటే ఒక్క నీడే కాదు. చామనచాయ, పసిమిఛాయ అన్నప్పుడు రంగు. "ఆ ఛాయలకు పోకు" అన్నప్పుడు దరిదాపు. సంస్కృతంలో ప్రతిబింబం, కాంతి కూడా ఛాయే. సరే, నీడ అన్న అర్థమే తీసుకుందాం. కెమెరామాన్ పనిలో సగం నీడను చక్కబెట్టడమే.

సత్యజిత్ రాయ్ సినిమాల కెమెరామాన్ సుబ్రత మిత్రను చూడండి. 'పథేర్ పాంచాలి' మొదలయ్యేనాటికి ఆయనకు 21 ఏళ్లు, అంతకుముందు సినిమా కెమెరా పట్టిన అనుభవం లేదు. ఆ తర్వాతి 'అపరాజితో' (1956)లో కాశీలోని ఇంటి నడిమి లోగిలి ఉంటుంది. మన మండువా లాంటిదే, పైన ఆకాశం. దాన్ని ఆరుబయట వేస్తే వానలకు పాడవుతుందన్న భయంతో కళాదర్శకుడు బన్సీ చంద్రగుప్త స్టూడియోలోపలే సెట్ వేశారు. స్టూడియో దీపాలు నేరుగా కొడితే ఒక్కో మనిషికి నాలుగైదు నీడలు పడతాయి, ఆకాశం వెలుగు అలా ఉండదు. మిత్ర ఏం చేశారంటే, సెట్ పైన తెల్లగుడ్డ పరిపించి, కింది నుంచి దీపాల వెలుగును దాని మీదికి కొట్టించారు. అది తిరిగి మెత్తగా కిందికి దిగింది.

మా అమ్మమ్మగారి మండువాలో పొద్దెక్కకముందు బియ్యం ఏరుతుంటే చేట మీద ఆమె వేళ్ల నీడ మసకగా, అంచు లేకుండా కదిలేది. ఆ సినిమాలో లోగిలి చూసినప్పుడల్లా నాకు ఆ చేటే కళ్లముందుకొస్తుంది. దీనికి మనకు మంచి మాటుంది: నీడపట్టు. ఛాయాగ్రహణాన్ని తెనిగిస్తే అదే కదా!

— (ఒక పాఠకుడి మాట) బాగుందండీ. కానీ నీడపట్టున కూర్చో అన్నప్పుడు పట్టు అంటే చోటు, పట్టుకోవడం కాదు. ఇంకోటి, సుందరకాండలో సింహిక అనే రాక్షసిని వాల్మీకి ఛాయాగ్రాహి అన్నాడు. సముద్రం మీద ఎగిరే హనుమంతుడి నీడను పట్టి ఆయన్నే ఆపేసింది. కెమెరా పుట్టకముందే ఉన్న మాట!

— (నా జవాబు) నిజమేనండీ, పట్టు విషయంలో తొందరపడ్డాను, అక్కడ చోటే. సింహిక సంగతి మాత్రం ఎంతో బాగా గుర్తుచేశారు. నీడను పట్టితే మనిషే ఆగిపోవడం! ఇక కాంతిలేఖనం నాకు అక్కర్లేదు. నీడపట్టునూ వదులుకోలేను. అంచుల్లేని నీడ పడే ఆ మెత్తని వెలుగుకు మీ ఊళ్లో ఇంకేదైనా మాట ఉంటే రాయండి, రాసి పెట్టుకుంటాను.