2011 జనగణన ప్రకారం తెలుగుది మూడో స్థానమా, నాలుగోదా?

ప్రశ్న: దేశంలో ఎక్కువమంది మాట్లాడే భాషల్లో తెలుగు మూడోదని కొందరు, నాలుగోదని కొందరు రాస్తున్నారు. ఏది నమ్మాలి? హిందీకి 52 కోట్లు ఎలా వచ్చాయి?

జవాబు: రెండూ నిజమేనండీ, ఏ ఏడాది జనగణన అన్నదే తేడా. 2001లో తెలుగు 7.40 కోట్లు, మరాఠీ 7.19 కోట్లు. 2011కి మరాఠీ 8.30 కోట్లకు చేరి, 8.11 కోట్ల తెలుగును దాటేసింది. బెంగాలీ 9.72 కోట్లతో రెండో స్థానం వదల్లేదు.

జవాబు: హిందీ అంకెను విడదీసి చూడాలి. జనగణనలో మాతృభాషల లెక్కలుండే సి-16 పట్టిక తెరవండి. 52.83 కోట్ల కింద యాభైకి పైగా మాతృభాషలు కనిపిస్తాయి: భోజ్‌పురి 5 కోట్లు, రాజస్థానీ 2.58 కోట్లు, ఛత్తీస్‌గఢీ 1.6 కోట్లు, ఇలా. మాతృభాష హిందీ అని రాయించుకున్నవాళ్లు 32.2 కోట్లే. మైథిలి మాత్రం 2003 రాజ్యాంగ సవరణతో ఎనిమిదో షెడ్యూల్లో (రాజ్యాంగం గుర్తించిన భాషల జాబితాలో) చేరి విడిగా లెక్కకొచ్చింది. పదివేల మంది కూడా లేని మాతృభాషలకు సొంత వరుస ఉండదు, ‘ఇతరములు’లో కలిసిపోతాయి.

జవాబు: పైవన్నీ మాతృభాష లెక్కలే సుమా. మాట్లాడగలిగేవాళ్ల సంఖ్య కావాలంటే రెండో, మూడో భాషల లెక్కలుండే సి-17 పట్టిక చూడాలి. రెండు పట్టికల అంకెలూ కలగాపులగం చేస్తేనే తప్పుడు ర్యాంకులు వస్తాయి. సి-17లోనూ ఒక పరిమితి ఉంది: ఎన్యూమరేటరు (ఇంటింటికీ వచ్చి వివరాలు రాసుకునేవారు) మాతృభాష కాక మరో రెండు భాషలే రాసుకుంటారు, నాలుగోది వచ్చినా లెక్కలోకి రాదు. ఇంగ్లిషు మాతృభాషగా 2.6 లక్షలే, రెండో, మూడో భాషగా కలిపితే 12 కోట్లు దాటుతుంది.