కోఎర్సివ్ కంట్రోల్‌కు తెలుగు మాట: ‘ఆరళ్లు’ సరిపోతుందా?

ప్రశ్న: ఇంగ్లండ్, వేల్స్‌లో 2015 సీరియస్ క్రైమ్ చట్టం 76వ సెక్షన్ కింద కోఎర్సివ్ కంట్రోల్ నేరం, అయిదేళ్ల దాకా జైలు. చెయ్యి చేసుకోకపోయినా భార్యనో, ఇంటి మనిషినో గుప్పిట్లో పెట్టుకోవడం అన్నమాట. ‘నిర్బంధ నియంత్రణ’ అని రాస్తే ఎవరికీ ఎక్కడం లేదు. ‘ఆరళ్లు’ అనొచ్చా?

జవాబు: ఆరడి, ఆరళ్లు మంచి మాటలే గానీ అత్తకూ ఆడబిడ్డకూ అంటుకుపోయాయి. ‘మొగుడి ఆరళ్లు’ చెవికి ఆనదు. ‘సాధింపు’లో సూటిపోటి మాటలే వినబడతాయి, ఏటీఎం కార్డు లాక్కోవడం వినబడదు. ‘వేధింపు’తో ఇంకో చిక్కు: భారతీయ న్యాయ సంహిత 86వ సెక్షన్‌లో ఆ మాట డబ్బు, ఆస్తి కోసం ఒత్తిడి చేసే సందర్భంలోనే వస్తుంది.

మరొకరు: నామవాచకం కోసం తిప్పలెందుకండీ, క్రియలోనే ఉందిగా. వెళ్లనివ్వడు, మాట్లాడనివ్వడు, దాచుకోనివ్వడు. ‘వెళ్లనివ్వలేదు’ ఒకనాటి సంగతి. ‘వెళ్లనివ్వడు’ అతని తీరు. వ్యాకరణంలో దీన్నే తద్ధర్మం అంటారు. 76వ సెక్షన్ అడిగేదీ తీరునే: మళ్లీ మళ్లీనో, ఎడతెగకుండానో జరగాలి. ఫలితమూ చూపాలి. కొడతాడన్న భయం కనీసం రెండుసార్లు కలగాలి, లేదా రోజువారీ పనులు బాగా దెబ్బతినేంత కలత ఉండాలి.

ప్రశ్న: మరి మన దగ్గర?

జవాబు: ఆ పేరుతో విడిగా నేరం లేదు. 2005 గృహహింస చట్టం 3వ సెక్షన్‌లో మానసిక, ఆర్థిక హింస ఉన్నాయి. అయితే ముందు దొరికేది 18 కింద రక్షణ ఉత్తర్వు. దాన్ని మీరితేనే 31 కింద ఏడాది దాకా జైలు, లేదా 20 వేల దాకా జరిమానా, లేదా రెండూ. ఆ చట్టం కింద జరిగిన హింసను నమోదు చేయడానికి రక్షణాధికారి నింపే ఫారం-1 చూడండి: ఇల్లు కదలనివ్వకపోవడం, ఫలానావాళ్లను కలవనివ్వకపోవడం, ఉద్యోగంలో చేరనివ్వకపోవడం. మీ ‘-నివ్వడు’ అక్కడ గళ్లలో కూర్చుంది!

ఇంకొకరు: అన్నీ ఆ ‘-నివ్వడు’లో ఇమడవు. ఫోన్‌లో లొకేషన్ పెట్టి గంటకోసారి ‘ఎక్కడున్నావ్’ అనడం కాపలా. అది విడిగా రాయాల్సిందే. అసలు అర్జీలు దెబ్బతినేది ‘నిత్యం వేధిస్తున్నాడు’ అని ఒక్క ముక్కలో తేల్చేయడం వల్ల. ఎప్పుడు, ఎక్కడ అని ఎదుటి వకీలు అడిగితే జవాబుండదు. రెండు రూపాలూ కావాలి. ముందు తీరు: ‘జీతం నా దగ్గర ఉంచుకోనివ్వడు.’ దాని కింద తేదీ: ‘మార్చి 1న జీతం పడగానే ఫోన్ లాక్కుని 32 వేలు తన ఖాతాకు మార్చుకున్నాడు. బస్సు పాసుకు అడిగితే ఇవ్వలేదు.’ బ్యాంకు స్టేట్‌మెంట్‌లో ఆ వరుస కింద గీత గీసి జతచేయాలి.

ప్రశ్న: సరే, శీర్షికకు మాత్రం ఏదో ఒక మాట కావాలిగా?

జవాబు: ‘గుప్పిట’ అని పెట్టేయండి. మీ ప్రశ్నలోనే ఉంది.