వంటగ్యాస్ డిస్ట్రిబ్యూటర్‌షిప్ రద్దుపై హైకోర్టుకు వెళ్లవచ్చా?

న్యాయం తెలిసిన పెద్దలకు నమస్కారం. మా మండలంలో వంటగ్యాస్ డిస్ట్రిబ్యూటర్‌షిప్ కోసం తీసిన లాటరీలో మా చెల్లెలి పేరు వచ్చింది. పరిశీలనకు వచ్చిన ప్రభుత్వరంగ చమురు సంస్థ అధికారులు గోడౌన్ స్థలాన్ని టేపుతో కొలిచి, లీజు దస్తావేజు చూసి వెళ్లారు. కొన్నాళ్లకు ‘స్థలం నిబంధనలకు అనుగుణంగా లేదు’ అన్న ఒక్క వాక్యంతో ఎంపికను రద్దు చేస్తూ లేఖ పంపారు. దస్తావేజు దరఖాస్తు గడువుకు ముందే రిజిస్టరైంది. సబ్ రిజిస్ట్రార్ ముద్ర, తేదీ దాని మీద స్పష్టంగా ఉన్నాయి. ఏ నిబంధన తప్పిందో లేఖలో లేదు, సంజాయిషీ కూడా అడగలేదు.

1996లో కామన్ కాజ్ కేసులో, పెట్రోలియం మంత్రి తన విచక్షణతో ఇచ్చిన 15 పెట్రోలు బంకుల కేటాయింపులను సుప్రీంకోర్టు కొట్టివేసింది. 2002లో ఓంకార్‌లాల్ బజాజ్ కేసులో మాత్రం, 2000 జనవరి నుంచి జరిగిన కేటాయింపులను ఒక్కొక్కటిగా పరిశీలించకుండా ప్రభుత్వం గంపగుత్తగా రద్దు చేయడం రాజ్యాంగంలో సమానత్వ హక్కునిచ్చే 14వ అధికరణానికి విరుద్ధమని తేల్చి, వివాదాస్పదమైన వాటి పరిశీలనను విశ్రాంత న్యాయమూర్తుల కమిటీకి అప్పగించింది. కారణం చెప్పని మా రద్దుకు ఈ రెండో తీర్పే దగ్గరని నా నమ్మకం.

ప్రభుత్వ సంస్థల నిర్ణయాలను హైకోర్టులో సవాలు చేసే వీలిచ్చే రాజ్యాంగం 226వ అధికరణం కింద రిట్ పిటిషన్ వేస్తే హైకోర్టు స్థలం కొలతల వంటి వాస్తవాల్లోకి వెళ్తుందా, లేక నిర్ణయం తీసుకున్న పద్ధతిని మాత్రమే చూస్తుందా? ముందుగా సమాచార హక్కు చట్టం కింద పరిశీలన నివేదిక తీసుకోవడం మేలా, లేక ఈలోగా మళ్లీ లాటరీ తీయకుండా వెంటనే స్టే కోరాలా? ఇలాంటి కేసులు నడిపినవారు దయచేసి చెప్పండి.