గుండ్లకమ్మలో ఆ ‘ల’ ఎక్కడిది?

కంభం చెరువుగట్టు: నిన్నటి నుంచి ఒక శ్లోకం సగమే గుర్తొచ్చి సతాయిస్తోంది. రెడ్డిరాజుల శాసనంలోది. నదుల పేర్లు వరసగా వస్తాయి. ‘బ్రహ్మకుండీ’ ఒక్కటే నోట్లో ఆడుతోంది. మిగతా పాదం ఎవరికైనా వచ్చా?

శాసనప్రియ: పాదం తర్వాత వెతుకుదాం, ముందు పేరు సంగతి తేలనివ్వండి. బ్రహ్మకుండి అంటే మన గుండ్లకమ్మ ఏరే, అందులో తగాదా లేదు. పుట్టింది నల్లమలలో గుండ్లబ్రహ్మేశ్వరం దగ్గర కాబట్టి ‘బ్రహ్మ’ కూడా సరే. ‘కుండి’ మాత్రం ‘గుండ్ల’కు పండితులు తొడిగిన సంస్కృతమని నా అనుమానం. చెయ్యేరును బాహుద చేసినవాళ్లకు ఇదెంత పని?

అద్దంకి వాసి: తలకిందులుగా చూస్తున్నారు. కుండిక అంటే కమండలం, అంటే బ్రహ్మ చేతిలోదే. కుండిక + అమ్మ, కుండికమ్మ, గుండికమ్మ. ఏటిని అమ్మా అనడం మనకు కొత్తా?

శాసనప్రియ: బాగుంది. మరి ‘ల’ ఎక్కడి నుంచి ఊడిపడింది?

పలకల మార్కాపురం: గుండు, గుండ్లు, గుండ్ల. కొండల్లోంచి దిగే ఏరు పారేది గుండ్ల మీదే కదండీ! గుండం అనేవాళ్లూ ఉన్నారు గానీ, అదైతే ‘గుండాల’ కావాలి.

అద్దంకి వాసి: మా దగ్గరికొచ్చి చూడండి, అంతా ఇసుకే. కంభం నుంచి మార్కాపురం మీదుగా ఉత్తరానికి పోయి, వినుకొండ సీమ తాకి, ఆగ్నేయానికి మళ్లి మా ఊరు చేరేసరికి గుండ్లెక్కడివి?

పలకల మార్కాపురం: పేరు పెట్టింది పైనుండే చెంచులో, కింద అగ్రహారాల్లో ఉన్నవాళ్లో చెప్పండి మరి. ఏరు ముందు కనబడింది ఎవరికి?

వినుకొండ పాఠకుడు: ‘ల’ కన్నా ‘క’ పెద్ద చిక్కు. కుండిక తెలుగులోకి వచ్చి గుండిగ అయింది. పెళ్లిళ్లలో అన్నం వండే గుండిగ అదే. ఆ లెక్కన ‘గుండిగమ్మ’ అనాలి. క అలాగే ఎందుకు నిలిచింది?

కంభం చెరువుగట్టు: ‘కమ్మ’ అంతా ఒకే మాట అనుకుంటే? ఈ ఏటి పరిసరాల సీమకు పాత పేరు కమ్మనాడు ఉంది కదా.

వినుకొండ పాఠకుడు: నాడు నుంచి ఏటికా, ఏటి నుంచి నాడుకా అన్న చర్చ మళ్లీ ఎత్తకండి, పోయినసారి దసరా దాకా సాగింది.

అద్దంకి వాసి: ఏ పేరైతేనేం, ఎఱ్ఱన తాగిన నీళ్లివి. భారతం అరణ్యపర్వంలో నన్నయ ‘శారదరాత్రుల’ పద్యం దగ్గర ఆగితే ఎఱ్ఱన ‘స్ఫురదరుణాంశు’ అంటూ తెల్లవారుజాము నుంచి ఎత్తుకున్నాడు. మబ్బు విడిపోయిన ఆ ఉదయం గుండ్లకమ్మ ఒడ్డున చూసిందేనని నా నమ్మకం. ఆ పద్యం చదివినప్పుడల్లా మా ఏరే కనిపిస్తుంది.

శాసనప్రియ: ఆ భాగాన్ని ఎఱ్ఱన నన్నయను పోషించిన రాజరాజు పేరనే నడిపాడు. తన రాజు వేమారెడ్డికి అంకితమిచ్చిన హరివంశం నుంచి చూపిస్తే సంతోషంగా ఒప్పుకుంటాను. అయినా అద్దంకిలో పద్యం ఎఱ్ఱనతో మొదలైందా? సేనాని పండరంగడి శాసనంలోని తరువోజ పద్యం 848 నాటిది.

అద్దంకి వాసి: తెలుసు. అందులో అతను గెలిచిన బోయకొట్టములు, అంటే బోయల స్థావరాలు, పన్నెండూ ఉన్నాయి, కందుకూరు, బెజవాడ ఉన్నాయి. మా ఏరే లేదు, అదే బాధ.

వినుకొండ పాఠకుడు: ‘ల’ దగ్గరికి రండి. బండికి బండ్లు, బండ్ల. అలాగే గుండికి గుండ్లు, గుండ్ల. మడుగు అనే అర్థంలో కుండి తద్భవం ‘గుండి’ అనుకుంటే లకారం వ్యాకరణం ప్రకారమే వచ్చేస్తుంది, రాళ్లతో పని లేదు. కొండల్లో మడుగులు చాలా ఉంటాయి కాబట్టి బహువచనమూ కుదురుతుంది.

పలకల మార్కాపురం: అప్పుడు బ్రహ్మకుండి ఏకవచనం ఎలా అయింది?

వినుకొండ పాఠకుడు: శ్లోకంలో ఛందస్సుకు ఏది పడితే అది.

శాసనప్రియ: ఛందస్సు మీద తోసేయకండి. మడుగు అనే అర్థంలో ‘గుండి’ని ఒక్క తెలుగు శాసనంలో చూపించండి. అంతవరకు నేను రాళ్ల పక్షమే.