ఎన్‌ఎంఆర్‌గా చేసిన సర్వీసు పింఛను లెక్కలోకి వస్తుందా?

ప్రశ్న:
అందరికీ నమస్కారం. నేను 1988 జూన్‌లో ఒక ప్రభుత్వ శాఖలో ఎన్‌ఎంఆర్‌గా, అంటే నామినల్ మస్టర్ రోల్ (హాజరుపట్టీ) మీద రోజువారీ వేతనానికి పనిచేసే తాత్కాలిక ఉద్యోగిగా చేరాను. 1993 నవంబరు 25 నాటికి ఐదేళ్లు నిండినవారి క్రమబద్ధీకరణకు 1994లో వచ్చిన జీవో 212 ప్రకారం నాకు అర్హత ఉన్నప్పటికీ, ఖాళీ లేదన్న కారణంతో 1999 వరకు ఉత్తర్వు ఇవ్వలేదు. సర్వీసు రిజిస్టరు మొదటి పేజీలో ఆ 1999 తేదీయే ఉంది. అంతకుముందు పదకొండేళ్లు అదే కుర్చీలో కూర్చుని అవే ఫైళ్లు రాసినట్లు అందులో ఒక్క ముక్క కూడా లేదు. త్వరలో పదవీ విరమణ చేయబోతున్నాను. ఆ కాలానికి నోషనల్ ఇంక్రిమెంట్లు (చేతికి బకాయి ఇవ్వకుండా జీతం లెక్కలో మాత్రం కలిపే వార్షిక పెంపులు), పింఛను సర్వీసు కోరుతూ రిట్ వేయవచ్చా?

సర్వీసు కేసులు చూసే న్యాయవాది:
వేయవచ్చునండీ. ఉద్యోగుల సర్వీసు వివాదాలు వినే రాష్ట్ర పరిపాలనా ట్రైబ్యునల్ రద్దయింది కనుక నేరుగా హైకోర్టుకే వెళ్లాలి. అయితే మీరు అడిగిన రెండూ ఒకే బలం గలవి కావు. జగ్జీత్ సింగ్ కేసులో 2016లో సుప్రీంకోర్టు, రెగ్యులర్ ఉద్యోగి చేసే పనే చేసిన తాత్కాలిక ఉద్యోగికి ఆ పే స్కేలులోని కనీస వేతనం ఇవ్వాలని చెప్పిందే గాని, ఇంక్రిమెంట్లు ఇవ్వాలని చెప్పలేదు. పింఛను విషయంలో మీకు ఆశ ఎక్కువ. ప్రేమ్ సింగ్ కేసులో 2019లో వర్క్‌చార్జ్‌డ్ సర్వీసును (ఒక నిర్దిష్ట పని ఖర్చు ఖాతా నుంచి జీతం తీసుకుంటూ చేసిన సర్వీసును) పింఛను అర్హతకు లెక్కించాలన్నారు. అది ఉత్తరప్రదేశ్ నిబంధనలపై వచ్చిన తీర్పు కాబట్టి, మన 1980 పింఛను నిబంధనలకు అది ఎలా వర్తిస్తుందో మీ న్యాయవాది విడిగా వాదించవలసి ఉంటుంది.

అసలు భయం ఆలస్యం గురించే. తర్సేమ్ సింగ్ కేసు (2008) ప్రకారం నెలనెలా కొనసాగే నష్టమైతే ఆలస్యంగా వచ్చినా వినవచ్చు గాని, బకాయిలు సాధారణంగా రిట్‌కు ముందు మూడేళ్లకే పరిమితం. ఇన్నేళ్ల తర్వాత వినతిపత్రం ఇచ్చి, దానిని తిరస్కరించిన తేదీ నుంచి గడువు కొత్తగా మొదలవుతుందని అనుకోకండి.

విశ్రాంత సూపరింటెండెంటు:
న్యాయవాది గారి మాటకు ఒకటి చేరుస్తాను. నేను చూసిన కేసుల్లో చట్టం కన్నా కాగితం లేకనే ఎక్కువమంది నష్టపోయారు. మస్టరు రోళ్లు, వేతనం చెల్లించిన వోచర్లు పాత రికార్డు గదిలో చెద తినేస్తుంటాయి, గడువు తీరిందని తగలబెట్టేస్తుంటారు కూడా. సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టి ధ్రువీకరించిన నకళ్లు తీసుకోండి. పని మధ్యలో విరామం చూపిన నెలలు ఉంటే ముందే గుర్తించండి, ప్రభుత్వం తరఫువారు మొదట పట్టుకునేది దానినే.

ప్రశ్న అడిగినవారు:
ఇద్దరికీ కృతజ్ఞతలు. 1991లో రెండు నెలలు నా పేరు మస్టరులో లేదు, కాని ఆ రోజుల్లో నేను సంతకం చేసిన తపాలా రిజిస్టరు ఇంకా కార్యాలయంలోనే ఉంది. రేపే దాని నకలు కోరుతూ దరఖాస్తు ఇస్తాను.